చాకు ఆగని మధ్యాహ్నాలు

ఇప్పుడా ఇంట్లో రాత్రికి వండే కూర కూడా పొద్దున్నే తరిగేస్తున్నారు.

టీ గ్లాసులు కడిగి బోర్లించడం ఆలస్యం, చెక్కపలక వంటగట్టు మీదికి వస్తుంది. ఎవరో వెనకనుంచి తరుముతున్నట్టు చాకు టకటకమని మొదలవుతుంది. సిటీ బస్సు నడిపే ఇంటాయన డ్యూటీకి బయల్దేరుతూ, బూట్ల లేసులు కట్టుకుంటూనే అటు తొంగి చూస్తాడు.

"ఇప్పుడే తరిగితే రాత్రికి వాడిపోవూ?"

"వాడితే వాడనీండి. ఒక పని అయిపోతుంది."

"పనులన్నీ పొద్దున్నే అవగొట్టి మధ్యాహ్నం ఏం చేస్తావ్?"

ఏం చేస్తుందో ఆయనకి తెలియక కాదు. వంటింటి తలుపు దగ్గరగా వేసి, ముందుగదిలో గోడవైపు తిరిగి పడుకుంటుంది. నిద్ర మాత్రం పోదు. వంటింటి గుమ్మం పక్కన ఒక పేము కుర్చీ ఖాళీగా ఉంటుంది. దాన్ని చూడకుండా ఉండడానికే ఆ తలుపు వెయ్యడమూ, ఆ గోడవైపు తిరగడమూ.

ఆవిడ అక్క ఉన్నన్నాళ్ళూ కూరలు తరిగేది మధ్యాహ్నమే. భోజనాలయ్యి, అంట్లు తోమి, గట్టు తుడిచేసరికి అక్క కాయితాల కట్ట ఒళ్ళో పెట్టుకుని ఆ కుర్చీలో సిద్ధంగా ఉండేది. చెవి మీద పెన్సిలు. కళ్ళజోడు ముక్కు చివర. "మొదలెట్టనా?" అనేది. "నేనేమన్నా కాదన్నానా!" అని ఈవిడ చాకు అందుకునేది. అక్క చదివేది, ఈవిడ తరిగేది. అక్క పుస్తకాలన్నీ ఆ ఇంట్లో అలాగే తయారయ్యాయి.

ఈవిడ పేరు చెప్పలేదు కదూ. ఇంట్లో అందరూ పొట్టి అనే పిలుస్తారు. పుట్టినప్పుడు మరీ గుప్పెడంత ఉందని ఎవరో పెట్టిన పేరు. తర్వాత ఆవిడ ఇంట్లో అందరికన్నా పొడుగు పెరిగింది, తలుపు కమ్మీ తలకి తగిలేంత పెరిగింది, అయినా పేరు మాత్రం మారలేదు. కొత్తవాళ్ళెవరైనా ఇంటికొచ్చినప్పుడు అక్క "ఒసే పొట్టీ!" అని కేకేస్తే, లోపల్నుంచి ఇంత మనిషి నడిచొచ్చేది. వచ్చినవాళ్ళు నవ్వాపుకోలేక నీళ్ళు అడిగేవాళ్ళు.

అక్క కాలేజీలో భాష పాఠం చెప్పేది. పెళ్ళి చేసుకోలేదు. పొట్టి పెళ్ళయ్యాక అక్క వీళ్ళింటికొచ్చిందో, వీళ్ళే అక్కింటికొచ్చారో ఇప్పుడెవరికీ సరిగ్గా గుర్తులేదు. పిల్లల్లేని ఇల్లు. ఉన్న ముగ్గురూ ఒకరికొకరు పిల్లలూ, పెద్దలూ. అక్క రాసేదంతా మనుషుల మాట గురించే. ఇంట్లో ఒకలా మాట్లాడే మనిషి ఆఫీసు కౌంటరు ముందు ఇంకోలా ఎందుకు మాట్లాడతాడు, ఏ మాట విని ఎవరిని కూర్చోమంటారు, ఏ మాట విని ఎవరిని నిలబెట్టే పంపేస్తారు, అలాంటివి. పెద్ద పెద్దవాళ్ళు ఆ పుస్తకాల మీద వ్యాసాలు రాశారట. పొట్టికి ఆ సంగతులు తెలియవు. ఏ పుస్తకంలో ఏ అధ్యాయం చదువుతుంటే తను వంకాయలు తరిగిందో, ఏది చదువుతుంటే ఉల్లిపాయలు తరిగి ఏడ్చిందో అది మాత్రం తెలుసు.

ఆవిడకి చదువు లేదు. ఉండాల్సిందే, మధ్యలో ఆగింది. చిన్నప్పటి బడిలో ఒకే పెద్ద హాల్లో రెండు తరగతులు కూర్చునేవి. ఒకవైపు పొట్టి, రెండోవైపు అక్క. ఒకరోజు టీచరు గోడవారన ఉన్న చీపురు చూపించి, దీన్నేమంటారని అడిగింది. పొట్టి టపీమని లేచి చెప్పింది, తనింట్లో పిలిచే పేరు. హాలంతా గొల్లుమంది. టీచరు కూడా నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. ఆ తర్వాత పొట్టి బళ్ళో నోరు విప్పలేదు. ఆ ఏడే అమ్మ మంచాన పడితే, ఇంట్లో ఒకరుండాలి కదా అని పెద్దవాళ్ళు అనుకుంటున్నప్పుడు, "నేనుంటాలే, నాకు బడంటే ఇష్టం లేదు," అంది. అందరూ నమ్మారు. చీపురుని ఈరోజుకీ ఆవిడ పేరు పెట్టి అడగదు. "అది ఇలా ఇవ్వండి," అంటుంది.

ఆరోజు అక్క నవ్వలేదు. నవ్వొద్దని ఎవరితోనూ అనలేదు కూడా. ఇది నా చెల్లెలు అని లేచి నిలబడలేదు. ఆ సంగతి అక్కచెల్లెళ్ళిద్దరూ ఎప్పుడూ మాట్లాడుకోలేదు.

చాకు అలవాటు ఎలా మొదలైందంటే, అక్క మొదటి వ్యాసం రాసినప్పుడు వినిపించడానికి ఎవరూ దొరకలేదు. వంటింటి గుమ్మంలో నిలబడి చదవడం మొదలెట్టింది. మధ్యలో చప్పుడు ఆగింది.

"ఏం, ఆపావేం?"

"ఏం లేదు."

"ఏం లేకపోతే ఎందుకాగుతుంది? చెప్పు."

"అదే... అస్తిత్వ నిర్మాణం అన్నావు కదా. ఎక్కడ కడుతున్నారా అని ఆలోచిస్తున్నా."

అక్క కళ్ళనీళ్ళు వచ్చేదాకా నవ్వింది. తర్వాత నవ్వు ఆపేసి ఆ కాయితం వంక చాలాసేపు చూసింది. చూసి, ఆ వాక్యం అడ్డంగా కొట్టేసింది. మర్నాడు మధ్యాహ్నం మళ్ళీ చదివింది. "మనిషి నోరు తెరవగానే ఎదుటివాళ్ళు మాట వినరు. ముందు అతని ఇల్లు వింటారు." చాకు ఆగలేదు. కాస్త మెల్లగా కదిలిందంతే. "పాసైంది," అంది అక్క.

అప్పట్నుంచి అదే పద్ధతి. చాకు ఆగిన చోటల్లా పెన్సిలు గుర్తు పడేది. గుర్తు పడ్డ వాక్యం మర్నాటికి మారి వచ్చేది. మనుషుల మాట గురించి రాసి, అది ఆ మనుషులకే అర్థం కాకపోతే వాళ్ళ సొమ్ము కాజేసినట్టే అనేది అక్క. అక్క ఒక్కనాడూ "నీకు అర్థమైందా?" అని అడగలేదు. అడిగితే పొట్టి "ఆఁ" అంటుంది. తెలియకపోయినా ఆఁ అనడం దానికి చిన్నప్పటి అలవాటు. "దీని నోటిని నమ్మడానికి లేదు మరిదీ. చెయ్యి మాత్రం అబద్ధం చెప్పదు," అనేది డ్రైవరుతో.

చెయ్యి అబద్ధం చెప్పదు. ఇప్పుడు గోడవైపు తిరిగి పడుకుంటే పొట్టి చెవుల్లో తిరిగే మాట అదొక్కటే.

అక్కకి ఊపిరితిత్తుల జబ్బు వచ్చింది. కాలేజీ మాన్పించారు, మెట్లెక్కడం మాన్పించారు. రాయడం మాత్రం ఎవరి వల్లా కాలేదు. కుర్చీలో వెనక ఒక దిండు, పక్కన ఒక దిండు. చివరి పుస్తకం అప్పుడు మొదలెట్టింది. బయట నోరు విప్పనివాళ్ళ గురించి. నాలుగు ముక్కలు చదివితే రెండు గుక్కలు నీళ్ళు తాగాలి. ఆ పుస్తకం మొదలెట్టే ముందురోజు, పాత వ్యాసమొకటి చదువుతుంటే చాకు ఆగింది. పెన్సిలు పడింది. మర్నాటిదాకా ఉండలేక అక్క అక్కడికక్కడే కాయితం మీదికి వంగి రాయబోయింది. దగ్గు పట్టుకుంది. అది మామూలు దగ్గు కాదు, పేగులు నోట్లోకొచ్చే దగ్గు. పెదాలు నల్లబడ్డాయి. పొట్టి చాకు వదిలేసి పరిగెత్తి వీపు రాసింది. దగ్గు తగ్గాక అక్క మొహం తుడుస్తూ, ఇదెక్కడి పిచ్చి వాక్యం, దీనికోసం ప్రాణం మీదికి తెచ్చుకుంటుందా అనుకుంది.

మర్నాడు కొత్త పుస్తకంలో అర్థం కాని చోటు వచ్చింది. పొట్టి చాకు ఆపలేదు.

మొదటిరోజు అది జాలే. ఆ మాట ఎక్కడైనా చెప్పగలదు. తర్వాతి రోజుల గురించి అలా చెప్పలేదు. నానబెట్టిన దుప్పట్లు ఉండేవి, మందుల వేళ దాటిపోతూ ఉండేది, నడుము విరిగిపోతూ ఉండేది. చాకు ఆగితే మళ్ళీ చదువుతుంది, మళ్ళీ రాస్తుంది, మళ్ళీ చదువుతుంది. ఆగకపోతే కాయితాల కట్ట తరుగుతుంది. కాబట్టి ఆపేది కాదు. కొన్నాళ్ళకి ఆపకుండా ఉండడానికి కష్టపడాల్సిన అవసరం కూడా లేకపోయింది. చేతిపని చెయ్యి చూసుకునేది. చెవులు దొడ్లో ఆరేసిన బట్టల దగ్గరో, పొయ్యి మీద పాల దగ్గరో ఉండేవి. అక్క చదువుతూనే ఉండేది.

"ఏమే పొట్టీ, ఆగడమే లేదేం?" అంది ఒకరోజు.

"బాగుంది కదా మరి."

అక్క మొహం వెలిగిపోయింది. సాయంత్రం డ్రైవరు డ్యూటీ దిగి రాగానే, ఇంకా టోపీ తియ్యకముందే పిలిచి చెప్పింది.

"మరిదీ, ఇన్నేళ్ళకి మీ ఆవిడ దగ్గర ఫస్టు క్లాసులో పాసయ్యాను. ఒక్క గుర్తు పడలేదు!"

"అదృష్టవంతులు వదినగారూ. నాకింకా సప్లిమెంటరీలే. కాస్త ట్యూషన్ చెప్పండి."

ఇద్దరూ పడీ పడీ నవ్వారు. పొట్టి కుళాయి తిప్పి, కడిగిన గిన్నే మళ్ళీ కడిగింది.

ఆ చలికాలం వెళ్ళకుండానే అక్క ఆసుపత్రిలో పోయింది.

కొన్నాళ్ళకి శిష్యురాలు వచ్చింది. అక్క దగ్గర చదువుకుని, అదే కాలేజీలో అక్క చోట చేరిన అమ్మాయి. ఆసుపత్రిలో రోజూ వచ్చి కూర్చునేది. పొట్టిని పిన్నిగారూ అంటుంది. చంకలో అచ్చు కాయితాలు, మొహం నిండా సంతోషం.

"పుస్తకం తయారైంది పిన్నిగారూ. ఇది మీకు నేనే చదివి వినిపించాలని తెచ్చాను. మేడం ఆసుపత్రిలో నాతో రాయించిన ముందుమాట."

ముందుగదిలో కూర్చుని చదివింది. తన పుస్తకాలన్నిటికీ మొదటి శ్రోత తన చెల్లెలని, ఆమె చేతిలో చాకు ఎక్కడాగితే తన కలం అక్కడికి తిరిగొచ్చేదని అక్క చెప్పింది. చివర్న ఇలా ఉంది: "ఈ పుస్తకానికి ఆ చాకు ఒక్కచోటా ఆగలేదు. ఇన్నాళ్ళూ నేను నేర్చుకోవాలనుకున్నది నేర్చుకున్నానని దాన్నిబట్టే తెలిసింది. నా పని పూర్తయింది. ఇక ఏ పండితుడి మెప్పూ నాకు అక్కర్లేదు."

శిష్యురాలు కళ్ళు ఒత్తుకుంది. "ఎంత గొప్ప మాట కదండీ!"

పొట్టికి చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తోచక చీర కుచ్చిళ్ళు సర్దుకుంది.

"ప్రెస్సువాళ్ళు ఒకటే తొందరపెడుతున్నారు. ఇంటివాళ్ళుగా మీరొకసారి సరేనంటే ఇచ్చేస్తాను."

"ఆఁ," అంది పొట్టి.

అనేసింది. అలవాటు కదా. శిష్యురాలు ఆవిడ చేతులు పట్టుకుని ఊపి వెళ్ళిపోయింది. గుమ్మంలో ఆ అమ్మాయి చెప్పుల చప్పుడు వినపడకుండా పోయేదాకా పొట్టి అలాగే నిలబడిపోయింది.

సాయంత్రం మొగుడి ముందు కంచం పెట్టి, ఎదురుగా కూర్చుని, ఉన్నదున్నట్టు చెప్పింది. అంతవరకూ ఆ మాట ఎవరికీ చెప్పలేదు. ఆయన తింటూనే విన్నాడు.

"చూడూ, పోయినావిడ సంతోషంగా పోయింది. ఆ సంతోషం నువ్విచ్చిందే. ఇప్పుడది కెలికితే ఎవరికి లాభం?"

"నేనిచ్చానా? అంటగట్టాను."

"అంత మాటెందుకు? ఆవిడ రాసేది నువ్వు వినేదానివి, నువ్వు వండేది నేను తినేవాణ్ణి. మన ముగ్గురిలో ఎవరికి ఏం అర్థమైందో ఎవడికి తెలుసు చెప్పు?"

మామూలప్పుడైతే నవ్వేదే. "మీకేమర్థమవుతుంది, ఉప్పు ఎక్కువైనా తక్కువైనా ఒకటే మొహం," అనేది. ఇవాళ నవ్వలేదు.

"నిజంగా బాగుండేదేమోనండి. నేను వింటే కదా తెలిసేది."

"నువ్వు అలిసిపోయావు. అందులో తప్పేముంది? నేనూ చూశానుగా, ఎంత చాకిరీ చేశావో. డ్యూటీలో మనిషి అలిసిపోడూ? నా సంగతే చూడు. బండి వెనక ఏం జరుగుతోందో నాకు కనపడదు. కండక్టరు విజిలేస్తేనే కదుపుతాను. వాడు పాపం పొద్దుట్నుంచి నిలబడీ నిలబడీ, దిగేవాళ్ళని చూసుకోకుండా విజిలేసేశాడనుకో..."

అక్కడ ఆగిపోయాడు. ముద్ద కలుపుతున్న చెయ్యి కూడా ఆగిపోయింది. ఏం చెప్పబోయి ఎక్కడికొచ్చాడో ఆయనకే అర్థమైంది.

"నేను ఇంకో ఉద్దేశంతో అన్నాను," అన్నాడు కాసేపటికి.

"తెలుసు. తినండి."

మర్నాడు పొద్దున్న చెక్కపలక గట్టు మీదికి రాలేదు. బీన్స్ బుట్టలోనే ఉన్నాయి. డ్రైవరు అటు చూసి బూట్ల లేసులు కట్టుకున్నాడు. ఆయన వెళ్ళాక పొట్టి శిష్యురాలికి ఫోన్ చేసింది.

"అమ్మా, కాయితాలు ఇంకా ఇవ్వలేదు కదా? మధ్యాహ్నం ఒకసారి పట్టుకురా. చివరి అధ్యాయం చదివి పెడుదువుగాని."

"ఇవాళేనా పిన్నిగారూ? సాయంత్రం ప్రెస్సుకి వెళ్ళాలండీ."

"వెళ్దువుగాని. ముందిటు రా."

శిష్యురాలు వచ్చేసరికి వంటింటి తలుపు బార్లా తీసి ఉంది. పేము కుర్చీ దుమ్ము దులిపి గుమ్మానికి దగ్గరగా జరిపి ఉంది. "ఇక్కడ కూర్చో," అంది పొట్టి. ఆ అమ్మాయి కుర్చీ అంచున, కూర్చున్నట్టూ కాకుండా నిలబడ్డట్టూ కాకుండా ఒరిగింది. పొట్టి పలక వేసి, బీన్స్ ముందు పోసుకుని, చాకు అందుకుంది.

"చదువు."

శిష్యురాలు చదవడం మొదలెట్టింది. గొంతు వేరే అయినా మాటలు అక్కవే. ఈసారి పొట్టి విందామనే నిలబడింది, చెవి అక్కడే పెట్టింది. అయినా చూస్తూ ఉండగానే ఒక పెద్ద వాక్యం చెవిమీదుగా దొర్లుకుంటూ వెళ్ళిపోయింది. చెయ్యి ఆగలేదు. ముక్కలు ఒకే కొలతలో పడుతూనే ఉన్నాయి. పొట్టి తన చేతివంక చూసుకుంది. ఎవరి చెయ్యో చూస్తున్నట్టుంది. తను చెప్పకుండానే అది అబద్ధం చెప్పేస్తోంది.

చాకు పక్కన పెట్టేసింది.

శిష్యురాలు తలెత్తింది. మేడం నోట ఆ అలవాటు సంగతి ఎన్నిసార్లు విన్నదో. "ఆగిందా పిన్నిగారూ?" అంది, సరదాగానే.

"ఆగలేదమ్మా. నేనే పెట్టేశాను. అప్పుడూ ఆగేది కాదు. ఆగాల్సిన చోట కూడా నేను ఆపలేదు. మీ మేడం దగ్గు చూడలేక కొన్నాళ్ళు, ఓపిక లేక కొన్నాళ్ళు. చాలారోజులు విననైనా వినలేదు. ఆవిడ రాయించిన ముందుమాట నిజం కాదు."

ఆ అమ్మాయి మొహంలో ముందు ఏమీ తెలియలేదు. తర్వాత ఎర్రబడింది.

"ఇప్పుడా ఈ మాట చెప్పడం? నిన్న సరేనన్నారు!"

"అన్నాను."

"ప్రెస్సువాళ్ళకి మాటిచ్చాను. కాలేజీలో అందరికీ చెప్పాను. ఇప్పుడు నన్నేం చెయ్యమంటారు? మేడం లేరు. వాక్యం మార్చడానికి నేనెవర్ని? పైగా..." కాయితాలు ఒళ్ళోకి దగ్గరగా లాక్కుంది. "ఆ ముందుమాట చెప్తూ ఆవిడ ఎలా నవ్వారో మీరు చూడలేదు. నేను చూశాను. ఊపిరి అందకపోయినా నవ్వారు."

"బట్టలు ఉతకడానికి ఇంటికొచ్చాను అప్పుడు," అంది పొట్టి.

కుళాయి చుక్క చుక్కగా కారుతోంది. చివరికి శిష్యురాలే కాయితం తిరగేసింది, కోపం తగ్గక విసురుగా. "ఇందాక ఆపాల్సిన వాక్యమేది? ఇదేనా? 'శ్రేణీకృత సమాజంలో మౌనం నిష్క్రియ స్థితి కాదు. అధికార భాషతో జరిగే అసమాన సంప్రదింపుకి అది పర్యవసానం.' ఇదేనా?"

"అదే. అర్థం కాలేదు."

ఆ రెండు మాటలూ ఆవిడ నోటితో అనడం ఆ వంటింట్లో అదే మొదటిసారి. అనేసి, నవ్వుతుందేమోనని ఆ పిల్ల మొహం వంక చూసింది. ఆ పిల్ల నవ్వలేదు.

"అంటే... ఎలా చెప్పను? పెద్ద మాటలు మాట్లాడేవాళ్ళ ముందు కొందరు నోరు మూసుకుని కూర్చుంటారు కదండీ. వాళ్ళకి ఏమీ తెలియదని మనం అనుకుంటాం. కానీ మాట్లాడితే తమకి ఏమవుతుందో వాళ్ళకి బాగా తెలుసు. ఒకసారి మాట్లాడి చూశారు. నవ్వులపాలయ్యారు. అందుకని ఊరుకున్నారు. ఆ ఊరుకోవడం తెలివితక్కువతనం కాదు, వాళ్ళకి మిగిలిన ఒకే ఒక్క దారి అని. వాళ్ళు ఊరుకుంటే సరేనన్నట్టే అనుకుని మనం ముందుకు వెళ్ళిపోతామని. కింద ఇంకా ఉంది. 'రెండు తరగతులున్న ఒక హాల్లో ఒక పిల్ల లేచి నిలబడి...'"

శిష్యురాలు ఆగింది. పొట్టి గట్టు అంచు పట్టుకుని నిలబడి ఉంది.

"ఆ పిల్ల మీరా?"

పొట్టి తలూపింది.

ఇదీ చదివే ఉంటుంది అక్క. ఈ గుమ్మంలోనే, ఈ కుర్చీలోనే, దిండుకి ఆనుకుని. ఇన్నేళ్ళకి ఆ హాలు మాట ఎత్తింది. ఎదురుగా నిలబడి చెప్పలేక కాయితంలో పెట్టి చదివింది. చాకు ఆగుతుందని చూసి ఉంటుంది. ఆగి ఉంటే "ఏం, ఆపావేం?" అనేది. "ఏం లేదు" అని తను అనేది. "ఏం లేకపోతే ఎందుకాగుతుంది?" అనేది. అక్కణ్ణుంచి ఇద్దరూ మాట్లాడుకునేవాళ్ళు. తను అప్పుడు దుప్పట్ల గురించి ఆలోచిస్తోంది. అక్క ఇంకో పేజీ తిప్పుకుంది.

పొట్టి ఏడవలేదు.

"నన్ను క్షమించమని అడగడానికి కూడా లేదమ్మా ఇప్పుడు," అంది మెల్లగా.

శిష్యురాలు కాయితాలు కుర్చీలో పెట్టి దొడ్డివైపు వెళ్ళింది. ఫోన్లో ఎవరితోనో బతిమాలడం, తర్వాత గొంతు పెంచడం, మళ్ళీ బతిమాలడం వినిపించాయి. తిరిగొచ్చేసరికి మొహం వేలాడేసుకుని ఉంది.

"వారం ఇచ్చారు. ఊరికే ఇవ్వలేదు, చెడామడా తిట్టి ఇచ్చారు."

"నావల్ల నీకు మాట వచ్చింది."

"వస్తే వచ్చింది లెండి." ఈసారి కుర్చీలో పూర్తిగా కూర్చుంది. "మేడం వాక్యాలు ఒక్కటి కూడా కదపను. అది నా వల్ల కాదు. కానీ మొదట్నుంచీ చదువుతాను. మీరు ఆపిన చోటల్లా కింద చిన్నక్షరాల్లో మీరేమడిగారో, నేనేం చెప్పానో వేద్దాం."

"నేనడిగిందా? అచ్చులోనా? వద్దమ్మా. నవ్వుతారు."

"ఎవరు?"

పొట్టికి హాలు తట్టింది, నోటికి అడ్డం పెట్టుకున్న చెయ్యి తట్టింది. టీచరు ఎప్పుడో పోయి ఉంటుంది. నవ్వినవాళ్ళు ఎక్కడెక్కడున్నారో. కుర్చీ మాత్రం గుమ్మంలో ఉంది.

"ముందుమాట సంగతి?" అని అడిగింది శిష్యురాలు. "ఒక్కచోటా ఆగలేదన్న మాట. తీసెయ్యమంటారా?"

అది తీసేస్తే ముందుమాటలో తన తప్పు కనపడదు. అక్క నవ్వు కూడా కనపడదు.

"తియ్యొద్దు. అది అక్క మాట, ఉండనీ. దాని కింద మాత్రం నా మాట ఒకటి వెయ్యి. ఆగాల్సింది, నేనే ఆపలేదు అని. పొట్టి అని రాయి."

శిష్యురాలు రాసుకుంది. పెన్ను మూత పెట్టబోయి, మళ్ళీ తీసి, "ఇక మొదట్నుంచి చదవనా? మీరు తరుగుతూ ఉండండి, నేను..." అంటూ చాకు వైపు చూసింది.

పొట్టి చాకు కడిగి సొరుగులో పెట్టేసింది. పలక మీది ముక్కలు తీసి గిన్నెలో మూతపెట్టింది. తరగాల్సిన బీన్స్ బుట్టలోకి ఎత్తి, బుట్టని గట్టు చివరికి నెట్టేసింది. ముందుగదిలోంచి పీట లాంటి చిన్న స్టూలు తెచ్చి, కుర్చీకి ఎదురుగా వేసుకుని, చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. ఖాళీ చేతులతో ఆ వంటింట్లో ఎప్పుడైనా కూర్చుందో లేదో ఆవిడకే గుర్తులేదు. వేళ్ళు ఊరికే కదులుతున్నాయి.

"చదువు. మెల్లగా. ఆపాలంటే నోటితోనే చెప్తాను."

మొదటి పేజీలోనే ఆపమని చెప్పింది. చెప్పేముందు ప్రతిసారీ గొంతు సవరించుకోవాల్సి వచ్చింది. ఒకచోట శిష్యురాలికి కూడా తెలియలేదు. "ఇది మేడం ఏ ఉద్దేశంతో రాశారో నాకూ తోచడం లేదు పిన్నిగారూ," అంది. అక్కడ వెయ్యడానికి ప్రశ్న ఉంది, జవాబు చెప్పే మనిషే లేదు. ప్రశ్న ఒక్కటే రాసుకున్నారు.

గుమ్మంలో బూట్ల చప్పుడైంది. డ్రైవరు టోపీ చంకలో పెట్టుకుని లోపలికొచ్చి, కుర్చీనీ, స్టూలునీ, గట్టు చివరి బుట్టనీ వరసగా చూశాడు.

"బీన్స్ అలాగే ఉన్నాయే? కూర లేదా ఇవాళ?"

"లేదు," అంది పొట్టి, అటు తిరక్కుండానే. "తరగలేదు."

ఆయన టోపీ కొక్కేనికి తగిలించాడు. శిష్యురాలు ఎక్కడాపిందో వేలితో వెతుక్కుంటోంది.

"ఇందాకటి వాక్యం మళ్ళీ చదువమ్మా," అంది పొట్టి.